హోమ్ లోన్ తీరేసరికి మొత్తం ఎంత కడతారు? ఇంట్లో కూర్చుని లెక్క వేసుకునే పద్ధతి

ఇంటి అప్పు కాగితాల మీద సంతకం పెట్టే రోజు మన మనసులో ఉండే అంకె ఒక్కటే, ఈఎంఐ. నెలకు ఎంత కట్టాలి, జీతంలో అది సర్దుకుంటుందా లేదా అని చూసుకుంటాం. నేనూ అంతే చేశాను. మూడేళ్లపాటు ఒక్క వాయిదా కూడా తప్పకుండా కట్టి, ఒకరోజు స్టేట్‌మెంట్ తెరిచి చూస్తే అప్పు తీరాల్సిన గడువు నాలుగేళ్లు పెరిగి ఉంది. మధ్యలో వడ్డీ రేటు పెరిగింది. అప్పిచ్చినవాళ్లు ఈఎంఐ ముట్టుకోకుండా నెలలు పెంచేశారు. అప్పట్లో దాని గురించి మెసేజ్ కూడా వచ్చింది. అందులో "మీ ఈఎంఐలో మార్పు లేదు" అన్న మాట చూసి హమ్మయ్య అనుకున్నాను. మిగతాది చదవలేదు.

ఆ రాత్రి కాగితం, కాలిక్యులేటర్ పట్టుకుని కూర్చుని వేసుకున్న లెక్కనే ఇక్కడ రాస్తున్నాను. కూడిక, తీసివేత, గుణకారం వస్తే చాలు. ఇంటి అప్పు ఖరీదు తేలేది ఈఎంఐలో కాదు, ఎన్ని నెలలు కడుతున్నామన్న దానిలో అని నాకు ఆ రాత్రే అర్థమైంది.

ఉదాహరణలన్నీ లక్ష అప్పు, 9 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు మీద ఇస్తున్నాను. మీ అప్పు 40 లక్షలైతే ప్రతి అంకెనూ 40తో గుణించుకోండి. డబ్బు ఏ దేశానిదైనా లెక్క ఒకటే.

ముందు కాగితాలు తీయండి

శాంక్షన్ లెటర్ (అప్పు మంజూరైనట్టు ఇచ్చిన కాగితం), అగ్రిమెంట్, తాజా స్టేట్‌మెంట్ ముందు పెట్టుకోండి. వాటిలోంచి ఈ రోజుకు మిగిలిన అసలు, ఇప్పుడు నడుస్తున్న వడ్డీ రేటు, ఇంకా కట్టాల్సిన నెలలు, రేటు ఫిక్స్‌డా (మారనిది) ఫ్లోటింగా (మధ్యలో పెరిగి తగ్గేది) అన్నది, ఫ్లోటింగ్ అయితే మళ్లీ మారే తేదీ రాసుకోండి. స్టేట్‌మెంట్‌లో మిగిలిన నెలలు కనపడకపోతే అడిగి తెలుసుకోండి. ఆ ఒక్క అంకె తెలియకపోతే ముందుకు వెళ్లలేం.

మొదటి మూడు నెలలు చేత్తో రాయండి

ఆన్‌లైన్ కాలిక్యులేటర్లు చాలానే ఉన్నాయి. అయినా ఒక్కసారి చేత్తో రాయమంటాను. అంకెలు మన చేతి కింద నుంచి వస్తేనే మనసుకు పడతాయి.

కాగితం మీద నాలుగు గడులు గీయండి. మొదటి గడిలో నెల మొదట్లో ఉన్న బాకీ, రెండో గడిలో ఆ నెల వడ్డీ, మూడో గడిలో అసలుకు జమ అయింది, నాలుగో గడిలో మిగిలిన బాకీ. వడ్డీ కావాలంటే బాకీని వడ్డీ శాతంతో గుణించి, 100తో భాగించి, వచ్చినదాన్ని 12తో భాగించాలి. ఈఎంఐలోంచి ఆ వడ్డీ తీసేస్తే మిగిలేదే అసలుకు వెళ్తుంది.

లక్షకు 9 శాతం చొప్పున 20 ఏళ్లకు ఈఎంఐ 899.73. మొదటి నెల వడ్డీ 750. అసలుకు పోయింది 149.73. బాకీ 99,850.27. రెండో నెల వడ్డీ 748.88, అసలుకు 150.85, బాకీ 99,699.42. మూడో నెల వడ్డీ 747.75, అసలుకు 151.98, బాకీ 99,547.44.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగండి. మూడు నెలల్లో దాదాపు 2,699 కట్టారు. అప్పు తగ్గింది 453. మిగతాదంతా వడ్డీయే.

ఇందులో ఎవరూ మోసం చేయడం లేదు. వడ్డీ ఎప్పుడూ మిగిలిన బాకీ మీదే పడుతుంది. మొదట్లో బాకీ కొండంత ఉంటుంది కాబట్టి ఈఎంఐలో సింహభాగం దానికే పోతుంది. నెల నెలా బాకీ కొంచెం తగ్గితే వడ్డీ కొంచెం తగ్గి, అసలుకు వెళ్లే వాటా కొంచెం పెరుగుతుంది. ఆ పెరగడం మాత్రం చాలా నెమ్మది.

ఇదే పట్టికను ఎక్సెల్‌లో వేసి కిందికి లాగితే 240 నెలలూ వచ్చేస్తాయి. అలా లాగి చూస్తే కనిపించేవి ఇవి. ఐదేళ్లు నిండేసరికి దాదాపు 54 వేలు కట్టి ఉంటారు, బాకీ ఇంకా 88,707 ఉంటుంది. పదేళ్లకు, అంటే సగం దారి వచ్చాక, బాకీ 71,026. ఈఎంఐలో వడ్డీ కన్నా అసలు వాటా ఎక్కువయ్యేది 149వ నెలలో, అంటే పన్నెండేళ్లు దాటాక. అప్పు సగానికి వచ్చేది 14 ఏళ్లకు. మధ్యలో ఇల్లు అమ్మి వేరే చోటికి వెళ్లాలనుకునేవాళ్లు ఈ అంకెలు తప్పకుండా చూడాలి. "ఐదేళ్లుగా కడుతున్నాం కదా, చాలా తీరిపోయి ఉంటుంది" అన్న అంచనాతో అమ్మకానికి దిగితే చేతికొచ్చేది చూసి గుండె జారిపోతుంది.

గడువు మార్చి మార్చి మొత్తం చూడండి

ఈఎంఐని నెలలతో గుణిస్తే మొత్తం కట్టేది వస్తుంది. లక్షకు 9 శాతం మీద వేర్వేరు గడువులకు ఇలా ఉంటుంది (ఈఎంఐలో పైసలు సర్ది రాశాను, మొత్తం మాత్రం పైసలతో సహా గుణించింది):

15 ఏళ్లు: ఈఎంఐ 1,014, మొత్తం 1,82,568
20 ఏళ్లు: ఈఎంఐ 900, మొత్తం 2,15,934
25 ఏళ్లు: ఈఎంఐ 839, మొత్తం 2,51,760
30 ఏళ్లు: ఈఎంఐ 805, మొత్తం 2,89,663

20 నుంచి 30కి వెళ్తే నెలకు 95 తగ్గుతుంది. దానికి బదులుగా మొత్తం మీద 73 వేలు పైగా ఎక్కువ కడతారు. లక్ష అప్పుకు 73 వేలు అదనం. అదే 20 నుంచి 15కి దిగితే నెలకు 115 దాకా పెరుగుతుంది, మొత్తంలో 33 వేలు తగ్గుతుంది. గడువు పెంచేకొద్దీ ఈఎంఐ తగ్గడం చిన్నదైపోతూ వడ్డీ పెరగడం పెద్దదవుతూ ఉంటుంది. 25 దాటాక ఈ బేరం ఏమాత్రం గిట్టదని నా అభిప్రాయం. ఎక్కువ గడువు పెడితేనే ఆ ఇల్లు అందుతుంది అనుకుంటే, కొంచెం చిన్న ఇల్లు చూడటమో, ఇంకో ఏడాది ఆగి డౌన్ పేమెంట్ పెంచుకోవడమో మంచిది.

ఫ్లోటింగ్ రేటు: నన్ను దెబ్బ తీసింది ఇదే

రేటు పెరిగినప్పుడు అప్పిచ్చినవాళ్ల ముందు రెండు దారులు ఉంటాయి. ఈఎంఐ పెంచడం ఒకటి, నెలలు పెంచడం ఇంకొకటి. మనం ఏమీ చెప్పకపోతే చాలాసార్లు రెండోదే జరుగుతుంది. నెలలు పెరిగితే జేబుకు వెంటనే తెలియదు కాబట్టి ఎవరూ ఫోన్ చేసి గొడవ పడరు.

తేడా ఎంతో చూడండి. అప్పు తీసుకున్న కొత్తలోనే రేటు 9 నుంచి 10 శాతానికి పెరిగిందనుకుందాం. ఈఎంఐని 900 నుంచి 965కి పెంచుకుని 20 ఏళ్లే ఉంచితే మొత్తం 2,31,605 అవుతుంది, అంటే ముందుకన్నా 15,700 దాకా ఎక్కువ. ఈఎంఐ 900 దగ్గరే ఉంచితే మాత్రం 240 నెలలు కాస్తా 315 అవుతాయి. మొత్తం దాదాపు 2,82,600. అంటే 66 వేలు పైగా ఎక్కువ. నెలకు 65 మిగిలిందని సంతోషించినవాళ్లు చివర్లో ఆరేళ్లకు పైగా అదనంగా కడతారు.

రేటు 11 శాతానికి వెళ్తే ఇంకా ఘోరం. మొదటి నెల వడ్డీయే 916.67. మీరు కట్టేది 899.73. ఈఎంఐ మొత్తం కట్టినా వడ్డీకే సరిపోదు. కట్టని వడ్డీ అసలులో కలిసి, ప్రతి నెలా కడుతూనే ఉన్నా అప్పు పెరుగుతూ పోతుంది.

అందుకే ఫ్లోటింగ్ అప్పు ఉన్నవాళ్లు మూడు పనులు చేయాలి. రేటు మారినట్టు మెసేజ్ వచ్చిన రోజే మిగిలిన నెలలు ఎన్నయ్యాయో చూడండి. గడువు కదలకుండా ఈఎంఐ పెంచమని రాతపూర్వకంగా అడగండి. ఇంకొకటి, అప్పు తీసుకునే ముందే రేటు రెండు శాతం పెరిగితే ఈఎంఐ ఎంతవుతుందో లెక్క వేసి, అది మీ జీతంలో ఇముడుతుందో లేదో చూసుకోండి. 11 శాతానికి 20 ఏళ్ల ఈఎంఐ లక్షకు 1,032. ఆ అంకె చూసి టెన్షన్ వస్తే అప్పు పరిమాణం తగ్గించుకోవాలన్నమాట.

మొదటి రెండు మూడేళ్లు తక్కువ రేటు చూపించే ఆఫర్లను కూడా ఇలాగే చూడాలి. ఆ తగ్గింపు అయిపోయాక ఏ రేటుకు వెళ్తుందో అడిగి, ఆ రేటుతోనే మొత్తం లెక్క వేయండి.

రేటులో కనపడని ఖర్చులు కలపండి

ప్రాసెసింగ్ ఫీజు చిన్నదిగానే కనిపిస్తుంది. లక్షకు 1 శాతం ఫీజు అంటే చేతికొచ్చేది 99 వేలు, వడ్డీ మాత్రం లక్షకు. 20 ఏళ్లూ కొనసాగితే 9 శాతం అప్పు అసలు రేటు 9.14 దాకా అవుతుంది. అదే మూడేళ్లలో తీర్చేసినా, వేరే చోటికి మార్చుకున్నా 9.4 దగ్గరికి వెళ్తుంది, ఎందుకంటే అదే ఫీజు తక్కువ నెలల మీద పడుతుంది. ఎక్కువ కాలం ఉంచుకోరని ముందే తెలిస్తే, రేటు కాస్త ఎక్కువైనా ఫీజు తక్కువ ఉన్నదే మేలు కావచ్చు.

ఇన్సూరెన్స్ విషయంలో చాలామంది నష్టపోతారు. ఒకేసారి కట్టే ప్రీమియాన్ని అప్పులోనే కలిపేస్తామంటారు. చేతి నుంచి పైసా పోవడం లేదని ఒప్పుకుంటాం. 3,000 ప్రీమియం 9 శాతానికి 20 ఏళ్ల అప్పులో కలిస్తే చివరికి 6,478 కడతారు. ఇంటి అప్పు ఉన్నప్పుడు జీవిత బీమా అవసరమే, అందులో అనుమానం లేదు. కానీ దాన్ని అప్పుతో ముడిపెట్టకుండా విడిగా తీసుకుని, ప్రీమియం ఏటా కట్టుకుంటే ఈ వడ్డీ భారం ఉండదు. రెండింటి ధరా పక్కపక్కన పెట్టి చూడండి.

కట్టడం పూర్తికాని ఇల్లు కొంటే, పూర్తయ్యేదాకా వడ్డీ మాత్రమే కట్టమనే పద్ధతి ఒకటుంది. లక్ష మొత్తం విడుదలయ్యాక రెండేళ్లు అలా కడితే 18 వేలు పోతాయి. అసలులో ఒక్క రూపాయి కూడా తగ్గదు. 20 ఏళ్ల లెక్క ఆ తర్వాతే మొదలవుతుంది. ఇల్లు ఆలస్యమయ్యే కొద్దీ ఇది పెరుగుతుంది కాబట్టి, వీలుంటే మొదటి నుంచీ పూర్తి ఈఎంఐ మొదలుపెట్టమని అడగండి.

రిజిస్ట్రేషన్, లీగల్ ఫీజు, ఇంటి పన్ను, మరమ్మతులు అప్పు ఖర్చులు కావు. అయినా అదే జేబులోంచి పోతాయి కాబట్టి వాటికి విడిగా ఒక గడి గీసుకోండి.

అప్పు వేరే చోటికి మార్చాలనుకుంటే గడువు కొత్తగా మొదలుపెట్టకండి

ఐదేళ్లు కట్టాక 88,707 బాకీ ఉంది, ఇంకొకరు 8.25 శాతానికి ఇస్తామన్నారు అనుకుందాం. వాళ్లు చూపించే కాగితంలో కొత్త ఈఎంఐ 756 అని ఉంటుంది. 900 నుంచి 756! ఎవరికైనా ఆశ పుడుతుంది. కింద చిన్న అక్షరాల్లో గడువు 20 ఏళ్లు అని ఉంటుంది. మొత్తం గుణించి చూస్తే 1,81,403. పాత చోటే ఉండి మిగిలిన 180 నెలలు కడితే 1,61,951. వడ్డీ రేటు తగ్గినా 19 వేలు పైగా ఎక్కువ కడుతున్నారు.

అదే 8.25 శాతానికి మిగిలిన 15 ఏళ్లే పెట్టమంటే ఈఎంఐ 861, మొత్తం 1,54,904. ఇప్పుడు 7 వేలు మిగిలాయి. ఇందులోంచి కొత్త ఫీజులు, కాగితాల ఖర్చు, పాతవాళ్లకు కట్టాల్సిన ఛార్జీలు ఏమైనా ఉంటే తీసేయండి. ఇంకా చెప్పుకోదగ్గ మొత్తం మిగిలితేనే మారండి. మారే ముందు ఇప్పటివాళ్లనే రేటు తగ్గించమని అడగండి. చిన్న రుసుముతో తగ్గించేవాళ్లూ ఉంటారు.

ముందే కట్టడం: ఎప్పుడు, ఎలా

చేతిలో అదనంగా 10 వేలు ఉన్నాయి. మొదటి ఏడాది చివర కడితే గడువు 50 నెలలు తగ్గి, ఆ 10 వేలు పోగా 35 వేల వడ్డీ మిగులుతుంది. అదే 10 వేలు 15వ ఏడాది చివర కడితే మిగిలేది 4,800 లోపే. మొదట్లో కట్టినదానికి ఇంత బలం ఎందుకంటే, ఆ రోజు తగ్గిన బాకీ మీద మిగతా 19 ఏళ్లూ వడ్డీ పడదు.

ముందే కట్టినప్పుడు ఇంకో ప్రశ్న వస్తుంది, ఈఎంఐ తగ్గించాలా గడువు తగ్గించాలా అని. మొదటి ఏడాది చివర కట్టిన అదే 10 వేలకు ఈఎంఐ తగ్గించమంటే మొత్తం మీద మిగిలేది 11 వేల లోపు. గడువు తగ్గించమంటే 35 వేలు. ఉద్యోగం అస్థిరంగా ఉండి నెల ఖర్చు తగ్గించుకోక తప్పని పరిస్థితి అయితే తప్ప గడువు తగ్గించుకోవడమే సరైనదని గట్టిగా చెప్తాను. కట్టేటప్పుడే ఏది కావాలో రాసివ్వండి, తర్వాత స్టేట్‌మెంట్‌లో అలాగే జరిగిందో లేదో చూసుకోండి.

పెద్ద మొత్తం ఒకేసారి రాదు అనుకునేవాళ్లకు రెండు దారులు. ఏడాదికి ఒక ఈఎంఐ అదనంగా కడితే 20 ఏళ్ల అప్పు 199 నెలల్లో, అంటే పదహారున్నరేళ్లకు కాస్త పైన తీరుతుంది. మిగిలేది 23 వేలు. లేదంటే జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని కూడా ఏటా 5 శాతం పెంచుకుంటూ పోవాలి. అలా చేస్తే 145వ నెలలో అప్పు తీరిపోతుంది. వడ్డీ 1,15,934 బదులు 73 వేలు. నేను ఎంచుకున్నది ఈ రెండోదే. మొదటి ఏడాది పెంపు లక్షకు నెలకు 45 మాత్రమే కాబట్టి పెద్దగా తెలియదు.

అయితే ఉన్నదంతా తీసుకెళ్లి అప్పులో పోయకండి. ఇంట్లో కట్టిన డబ్బు ఆపద వేళ తిరిగి రాదు. ముందు ఆరు నెలల ఖర్చులు, వాటితోపాటు ఆరు ఈఎంఐలు పక్కన ఉంచుకోండి. క్రెడిట్ కార్డు బాకీలాంటి ఎక్కువ వడ్డీ అప్పులు ఉంటే అవి ముందు తీర్చండి. ముందే కడితే జరిమానా ఉందో లేదో అగ్రిమెంట్‌లో చూడండి.

ఈ మొత్తాలు చూసి బెదిరిపోకుండా

లక్షకు 2,15,934 అన్న అంకె నిజమే కానీ అదంతా ఈ రోజు విలువ కాదు. 20 ఏళ్ల తర్వాత కట్టే 900కు ఇప్పటి 900 విలువ ఉండదు. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే, ఆ 240 వాయిదాల విలువ ఈ రోజు డబ్బులో సుమారు లక్షా 37 వేలు. ఆ ఇంట్లో ఉన్నన్నాళ్లూ కట్టక్కర్లేని అద్దె కూడా ఉంది. కాబట్టి వడ్డీ మొత్తం చూసి ఇల్లు కొనడమే తప్పు అనుకోనక్కర్లేదు. ఒక గడువును ఇంకో గడువుతో, ఒక ఆఫర్‌ను ఇంకో ఆఫర్‌తో పోల్చడానికి ఈ అంకెలు పనికొస్తాయి.

వడ్డీ మీద పన్ను మినహాయింపు ఉన్న చోట "అప్పు ఉంటేనే లాభం, ముందే తీర్చకు" అని చెప్పేవాళ్లు ఎదురవుతారు. 30 శాతం పన్ను కట్టేవాళ్లు 100 వడ్డీ కట్టినా తిరిగి వచ్చేది 30, అదీ పరిమితి లోపల ఉంటేనే. మిగతా 70 మన జేబులోంచి పోయినట్టే. పన్ను తగ్గింపును రేటులోంచి మినహాయించి లెక్కించండి, అంతకు మించి దానికి విలువ ఇవ్వకండి.

ఏడాదికోసారి సరిచూసుకోండి

మీరు వేసుకున్న పట్టికను పారేయకండి. ప్రతి ఏడాది ఒకే నెలలో స్టేట్‌మెంట్ తెచ్చుకుని, అందులోని బాకీ మీ పట్టికలోని బాకీతో కలుస్తుందో లేదో చూడండి. కొన్ని చోట్ల వడ్డీ రోజువారీ లెక్క కడతారు కాబట్టి కొద్దిపాటి తేడా వస్తుంది. వందల్లో వేలల్లో తేడా ఉంటే రేటు మారి ఉండాలి, లేదా ఏదో ఛార్జీ కలిపి ఉండాలి. ఆ పేజీ ప్రింట్ తీసి, తేడా ఉన్న వరుస కింద గీత గీసి పట్టుకుని వెళ్లండి. నోటిమాటగా "ఎందుకిలా అయింది" అంటే సిస్టమ్ అలాగే చూపిస్తోంది అంటారు. గీత గీసిన కాగితం చూపించాక నా గడువు తిరిగి పాత తేదీకి రావడానికి రెండు వారాలు పట్టింది, ఈఎంఐ కొంచెం పెరిగింది.